నాలుగు వందల పన్నెండో మాట

బలసముద్రంలో టీ గ్లాసు నిండా పోయకపోతే అడగడానికి ప్రత్యేకంగా ఒక ఇంగ్లీషు మాట ఉంది. ఆ మాట 'అలిజ్'. పాత్ర అంచుకూ అందులో పోసినదానికీ మధ్య మిగిలిపోయిన ఖాళీ అని దాని అర్థం. ఇంగ్లండులో ఎంతమందికి తెలుసో చెప్పలేం గానీ, తిమ్మన్న టీ కొట్టు బెంచీ మీద కూర్చునేవాళ్లందరికీ తెలుసు. "తిమ్మన్నా, ఈ దినం అలిజ్ జాస్తి ఉండాదప్పా" అంటే చాలు, ఆయన సణుక్కుంటూ ఇంకో గుక్క పోస్తాడు. సోలార్ ప్లాంటులో ప్యానెళ్లు కడిగి వచ్చే కూలీలు కూడా ఆ మాట నేర్చుకున్నారు. ఊరికి ఈ చదువు అంటించినవాడు నారప్ప.

నారప్ప వై.ఎన్.హొసకోటలో ముప్పై ఒక్క ఏళ్లు ఇంగ్లీషు చెప్పి రిటైరైన మేష్టారు. ఊళ్లో చిన్నా పెద్దా అందరికీ 'అయ్యోరు'. పిల్లలను పదో తరగతి గట్టెక్కించడం ఆయన ఉద్యోగం. ఎవరికీ అక్కర్లేని ఇంగ్లీషు మాటలు పోగేయడం ఆయన ప్రాణం. అక్కరకొచ్చే మాటలంటే ఆయనకు కొంచెం చులకన కూడా. 'వాటర్', 'రోడ్', 'గేట్' లాంటివి బస్సులో కూర్చున్నా దొరుకుతాయి, వాటికి నేనెందుకు అనేవాడు.

మాటలు రాసుకోవడానికి ఆయనకు నల్ల అట్ట వేసిన పొడుగాటి నోటుబుక్కు ఒకటి ఉంది. ఒక్కో మాటకు ఒక నంబరు, దాన్ని ఎలా పలకాలో తెలుగు అక్షరాల్లో, దాని అర్థం, చివర అది ఎక్కడ దొరికింది అన్న ముక్క. కొన్ని శెనక్కాయలు పొట్లం కట్టిన పేపర్లో దొరికాయి, కొన్ని మందుల డబ్బాలో మడిచిపెట్టిన కాగితంలో. ఆకలికి కడుపులో గుర్రుమనే చప్పుడు 'బోర్బరిగ్మస్'. చలికాలపు ఎండలోని వెచ్చదనం 'అప్రిసిటీ'. మొన్నటికి సంబంధించినది 'న్యూడియస్టర్షన్'. ఈ చివరిది విన్న రోజు ఓబమ్మ నోటికి చెంగు అడ్డం పెట్టుకుని నవ్వింది.

"మొన్నకి అంత పొడుగు మాటా అయ్యోరా? ఆ మాట అనేలోపల ఇంకో దినం గడిసిపోతాదే!"

నారప్ప ఇంగ్లీషువాణ్ని కళ్లతో చూసింది లేదు, చెవులతో విన్నది లేదు. ఉచ్చారణంతా పాత నిఘంటువులో అక్షరాల నెత్తిన ఉండే గీతలూ చుక్కలూ చూసి నేర్చుకున్నదే. అందులో తలకిందులుగా పడుకున్న ఒక అక్షరం ఉంటుంది. అది నోట్లో ఎలా పలకాలో తేల్చుకోవడానికి ఆయనకు ఆరేళ్లు పట్టింది. తలుపు వేసుకుని అద్దం ముందు నిలబడి సాధన చేసేవాడు. అప్పట్లో ఆయన భార్య, అయ్యోరికి గాలి సోకిందేమోనని నిడుగల్లులో ఒకరి దగ్గర విభూతి కూడా తెచ్చింది. తర్వాత ఫోన్లు వచ్చాయి. కోడలు ప్రతిభ వంద మాటలు ఏరి, ఒక్కొక్కటీ ఫోను చేత పలికించి సరిచూసింది. ఎనభై ఏడు సరిగ్గా ఉన్నాయి. ఒక కుగ్రామంలో గీతలు చూసి నేర్చుకున్న మనిషికి అది చిన్న విషయం కాదు. కానీ నారప్ప మిగిలిన పదమూడింటి కోసం రెండు రోజులు సరిగ్గా అన్నం తినలేదు. మూడో రోజు ఫోనే తప్పు చెప్పి ఉంటుందని తేల్చుకుని కుదుటపడ్డాడు.

తొమ్మిదేళ్ల కిందట సోలార్ పార్కు వచ్చింది. వాన మొహం చూడని నేల, శెనక్కాయ వేస్తే విత్తనాలు కూడా తిరిగి రాని నేల. ఇరవై ఎనిమిదేళ్లు లీజుకు ఇస్తారా అంటే కాదన్నవాళ్లు తక్కువ. ఊరికి తూర్పున ఉన్న పొలాలకు ఒక కంపెనీ తరఫున కరారు పత్రాలు తెచ్చిన గుమాస్తా, కన్నడంలో ఒకటీ ఇంగ్లీషులో ఒకటీ రెండు రకాలు చూపించాడు. రెండింట్లోనూ ఉన్నది ఒకటే, సంతకం మాత్రం ఒకదాని మీదే, మీకు ఏది కావాలి అని అడిగాడు. ఇళ్లలో తెలుగే మాట్లాడినా బడి చదువు కన్నడంలోనే కాబట్టి, ఆ ఊళ్లో ఏడో తరగతి చదివిన ఎవరైనా కన్నడం చదువుతారు. ప్రతి ఇంట్లో అలాంటివాళ్లు ఒకరైనా ఉన్నారు. అయినా అందరూ ఒక్కమాటగా ఇంగ్లీషుదే అడిగారు.

"మాకు నారప్ప అయ్యోరు ఉండాడు. ఇంగ్లీషుదే ఇయ్యండి. మిగతా ఊర్లోళ్లకి ఇయ్యండి కన్నడంది" అని తిమ్మన్న ఛాతీ విరుచుకుని చెప్పాడు. గుమాస్తా వింతగా చూసి సరేనన్నాడు. అంత గర్వం ఆ ఊరికి అంతకు ముందు లేదు, తర్వాత కూడా రాలేదు. అంతకన్నా తెలివితక్కువ పని కూడా ఆ ఊరు ఎప్పుడూ చేయలేదు.

పాల డెయిరీ అరుగు మీద నారప్ప అయిదు సాయంత్రాలు ఆ పత్రాలు చదివి వినిపించాడు. అందరికీ ఒకటే ఉన్న పేజీలు ముందు చదివి, తర్వాత ఎవరి పొలం సంగతి వాళ్లకు చదివాడు. చదివాడనడం కన్నా పాఠం చెప్పాడనడం సరిగ్గా ఉంటుంది. ఎకరాలూ ఏళ్లూ గబగబా దాటించేవాడు. కొత్త మాట తగిలితే ఆగిపోయేవాడు. కళ్లజోడు సర్దుకుని, ఆ మాట రెండుసార్లు పలికి, నిఘంటువులో అర్థం చెప్పి, అందరి చేతా పలికించేవాడు. మేకలు తోలుకొచ్చినవాళ్లు కూడా నిలబడి పలికేవాళ్లు. వాళ్లకు అదొక వేడుక. ఆ వేడుకలో అయిదో సాయంత్రం ఓబమ్మ కాగితం వంతు వచ్చింది.

ఓబమ్మది నాలుగెకరాలు. ఆ పత్రాలు రావడానికి ఏడాది ముందే ఆమె మొగుడు బోరయ్య పోయాడు. వాళ్ల కులంలో పోయిన మనిషిని సొంత పొలంలోనే పూడుస్తారు. పొలం ఈశాన్యపు మూల, రాళ్ల గట్టు పక్కన బోరయ్యను పెట్టి, మీద నాలుగు బండలు పరిచి, తలవైపు ఒక రాయి నిలబెట్టారు. పిల్లల్లేరు. ఏటా పెద్దల అమావాస్యకు అక్కడికి వెళ్లి, ఆయనకు ఇష్టమైనవి ఆకులో వడ్డించి, పేరు పెట్టి పిలిచి తినమని చెప్పవలసింది ఆమె ఒక్కతే. కొలతలకు వచ్చిన సర్వే మనిషికి ఆమె ఆ మూల చూపించి, "ఇదొక్కటి ముట్టుకోవాకండప్పా, ఈడ మా ఆయన ఉండాడు" అని చెప్పింది. అతను తల ఊపి ఏదో రాసుకున్నాడు.

ఆ రాసుకున్నదే పత్రం పదకొండో పేజీలోకి వచ్చింది. నారప్ప అక్కడికి వచ్చేసరికి ఒక మాట ఆయన కంటపడింది. ఆయన మొహం వెలిగింది.

"సెపల్కర్" అన్నాడు. "రాతలో 'సి', 'హెచ్' ఉండాయి, కానీ 'చ' అనకూడదు. 'క' అనాల. సెపల్కర్. ఏదీ, అందరూ అనండి."

అందరూ అన్నారు. ఓబమ్మ కూడా అంది.

"అంటే ఏందయ్యోరా?" అని తిమ్మన్న అడిగాడు.

"రాజులకు కడతారు చూడు, కొండరాతిలో తొలిచి, పెద్ద పెద్ద రాతి గోడలతో. అట్లాంటి సమాధి."

రాజుల సంగతి మన లీజు కాగితంలో ఎందుకు వచ్చింది అని ఒక్కరూ అడగలేదు. అడగడానికి అక్కడ ఎవరూ కాగితం వినడం లేదు, మాట వింటున్నారు. నారప్ప కూడా ఆ మాట చుట్టూ ఉన్న వాక్యం మీద కళ్లు పరుగెత్తించాడే గానీ చదవలేదు. ఇంటికి వచ్చి నోటుబుక్కులో నాలుగు వందల పన్నెండో నంబరు వేసి రాసుకున్నాడు. ఎక్కడ దొరికింది అన్నచోట, 'ఓబమ్మ కరారు, పదకొండో పేజీ' అని కూడా రాశాడు. మళ్లీ చూసుకోవడానికి అలవాటు ప్రకారం ఆ పేజీలు జెరాక్సు తీసి పెట్టెలో పెట్టుకున్నాడు.

రెండేళ్లకు కంచె పడింది. ఎటు చూసినా నీలం పలకలు నిలిచాయి. ఆ తర్వాత మొదటి పెద్దల అమావాస్యకు ఓబమ్మ గంప నెత్తిన పెట్టుకుని గేటు దగ్గరికి వెళితే సెక్యూరిటీవాడు ఆపాడు. లోపల కరెంటు ఉంది, ఆఫీసు నుంచి లెటరు ఉంటే తప్ప పంపకూడదన్నాడు. ఆమె అదే గంపతో నారప్ప ఇంటికి వచ్చింది.

"లెటరు కావల్లంట అయ్యోరా. నీకు తెలీని రాతా? ఒకటి రాసియ్యి. లేకుంటే ఆ కరారులో దీనికేమన్నా రాసినారేమో చూడు."

నారప్ప అప్పుడు అరుగు మీద నిఘంటువు ముందేసుకుని ఉన్నాడు. తల ఎత్తకుండానే చెప్పాడు.

"ఆ కాగితం అక్షరం అక్షరం చదివింది నేను కాదా ఓబమ్మా? అట్లాంటిదేమీ లేదు. కరారులో లేనిదానికి లెటరు రాస్తే వాళ్లు నవ్వుతారు."

ఆమె గంప ఎత్తుకుంది. అంత చదివినాయన లేదన్నాక ఇంక ఉంటుందా? వెనక్కి వెళ్లి కంచె బయట, గేటుకు కొంచెం ఎడంగా ఆకు పరిచి వడ్డించింది. పలకల వరుసల వైపు తిరిగి మొగుణ్ని పేరు పెట్టి పిలిచింది. ఆమె లేచి నాలుగడుగులు వేసేసరికి కుక్కలు వచ్చాయి. ఏడేళ్లు, ఏడు పెద్దల అమావాస్యలు ఇలాగే గడిచాయి. నారప్ప రెండుసార్లు బస్సులోంచి చూశాడు కూడా. పాపం అనుకున్నాడు.

ఈ ఏడాది ప్రతిభ మామగారి మాటలను ఫోనులో వీడియోలు తీయడం మొదలుపెట్టింది. ఆమె హొసకోటలో ఒక ప్రైవేటు స్కూల్లో టీచరు. రోజుకు ఒక మాట, ఒక నిమిషం. నారప్ప ఇస్త్రీ చొక్కా వేసుకుని మాట చెప్పాలి, పలికి చూపించాలి, అర్థం చెప్పాలి, చివర ఆ మాట దొరికిన వాక్యం చదవాలి. ఆ చివరి ఏర్పాటు ప్రతిభదే. వాక్యం లేకుండా మాట చెబితే పిల్లల బుర్రకెక్కదు మామా అంది. అలిజ్‌కు ఊళ్లో పిల్లలంతా లైకులు కొట్టారు. నారప్ప పైకి విసుక్కుంటూనే రోజుకు నాలుగుసార్లు ఎంతమంది చూశారని అడిగేవాడు.

అమావాస్యకు ఇంకా పద్దెనిమిది రోజులుందనగా నాలుగు వందల పన్నెండో మాట వంతు వచ్చింది. నారప్ప జెరాక్సు కాగితం చేతిలో పట్టుకుని, సెపల్కర్ అన్నాడు, 'చ' కాదు 'క' అన్నాడు, రాజుల సంగతి చెప్పాడు. తర్వాత వాక్యం చదవడం మొదలుపెట్టాడు. సగంలో గొంతు నెమ్మదించింది. చివరి ముక్క దగ్గర ఆగిపోయింది.

ఆ వాక్యం తెలుగులో చెప్పాలంటే ఇంతే. ఈ పొలం ఈశాన్యపు మూలనున్న సమాధిని కంపెనీ కదిలించకూడదు. ఆచారం ప్రకారం రావలసిన రోజుల్లో భూమి యజమానినీ ఆమె బంధువులనూ అక్కడికి రానివ్వాలి, పోనివ్వాలి. అందుకు వాళ్లు పదిహేను రోజుల ముందు రాతమూలంగా తెలియజేస్తే చాలు.

"ఏమైంది మామా?" అంది ప్రతిభ.

"ఏమీ లేదు. ఎండ కళ్లల్లో పడతాంది. రేపు తీద్దాం."

లోపలికి వెళ్లి నిఘంటువు తీశాడు. ఏదో దారి దొరుకుతుందని ఆశ. అక్కడ ముందు 'సమాధి' అనే ఉంది. రాతిలో తొలిచినదీ రాళ్లతో కట్టినదీ అన్నది ఆ తర్వాత, 'ముఖ్యంగా' అన్న మాట వెనక ఉంది. ఆ రోజు ఆయన ముందున్నది వదిలేసి వెనకున్నది పట్టుకున్నాడు, అది గొప్పగా ఉందని. నాలుగు బండల కింద పడుకున్న బోరయ్య ఆ అర్థంలో ఇమడలేదు.  ఏడేళ్ల కిందట తల ఎత్తకుండా చెప్పిన ఆ జవాబు ఇప్పుడు అక్షరం పొల్లుపోకుండా గుర్తొచ్చింది. లెటరు రాస్తే నవ్వుతారన్నాడు. ఆ లెటరు ఒక్కటే కావలసింది.

పదిహేను రోజుల ముందు తెలియజేయాలి. అంటే చేతిలో ఉన్నవి మూడు రోజులు. మొదటి రెండు రోజులు ఆయన ఏమీ చేయలేదు. ఓబమ్మ ఇంటివైపు రెండుసార్లు బయలుదేరాడు. రెండుసార్లూ తిమ్మన్న కొట్టు దాకా వెళ్లి టీ తాగి వెనక్కి వచ్చాడు. ఊరు ఊరంతా కన్నడం కాగితం కాదని తనను చూసుకుని సంతకాలు పెట్టింది. ఇప్పుడు పోయి ఏమని చెప్పాలి? మాట పలకడం నేర్పాను గానీ వాక్యం చదవలేదని చెప్పాలా? అరవై తొమ్మిదేళ్ల వయసులో అంత సిగ్గు ఆయనకు కొత్త.

మూడో రోజు పొద్దున ఒక తెల్ల కాగితం మీద అయిదు వరుసల అర్జీ రాసి, కంపెనీ సైటు ఆఫీసుకు తనే పట్టుకుపోయాడు. ఓబమ్మ వేలిముద్ర కావాలి కదా అని అక్కడివాళ్లు అంటే, ఆమె తరఫున అని తనే సంతకం పెట్టాడు. అక్కడి ఇంజనీరు దేవరాజ్ అర్జీ చదివి, బీరువాలోంచి ఒక ఫైలు తీసి, ఒక పేజీ తెరిచి, తల ఊపాడు. అతను మాట్లాడింది కన్నడంలో.

"అవునండీ, ఉంది. ఆ మూల మేం ముట్టుకోలేదు. చుట్టూ వేరే కంచె వేశాం. నెలకోసారి గడ్డి కోయిస్తాం, గడ్డి కోసేవాళ్ల కాంట్రాక్టులోనే రాసుంది. ఏటా ఈ రోజుల్లో అర్జీ వస్తుందని చూసేవాళ్లం. ఎప్పుడూ రాలేదు. వాళ్లకు అంత పట్టింపు లేదేమో అనుకున్నాం."

 దేవరాజ్ అనుమతి కాగితం మీద ముద్ర వేసి, ఆమెతోపాటు నలుగురు దాకా రావచ్చు, హెల్మెట్లు మేమే ఇస్తాం అని చెప్పి చేతికిచ్చాడు. పని పది నిమిషాల్లో అయిపోయింది.

ఊరికి తెలిసిన తీరు వేరు. అయ్యోరు ఆఫీసుకు పోయి, ఇంగ్లీషులో గట్టిగా మాట్లాడి, కంపెనీవాళ్ల మెడలు వంచి ఓబమ్మకు దారి తెచ్చాడని తిమ్మన్న కొట్టు దగ్గర చెప్పుకున్నారు. నారప్ప అలా చెప్పలేదు. అలా కాదని కూడా చెప్పలేదు. ఆ సాయంత్రం ఓబమ్మ ఒక సంచెడు శెనక్కాయలు తెచ్చి అరుగు మీద పెట్టి, వంగి ఆయన కాళ్లు ముట్టుకుంది.

"నా తోడబుట్టినోడు కూడా ఇంత సాయం చేసుండడు అయ్యోరా. ఇంక నేను సచ్చిపోయినా దిగుల్లేదు."

ఆయన కాళ్లు వెనక్కి లాక్కున్నాడు. "లెయ్యమ్మా, లెయ్యి" అని మాత్రం అన్నాడు. ఆమె వెళ్లాక ప్రతిభ గడప మీద నిలబడి ఉంది.

"మామా, ఆ దినం మీరు చదువుతావుంటే ఫోను ఆపలేదు నేను. మొత్తం విన్నాను" అంది. "ఆ వీడియో ఎవరికీ చూపించను. కానీ ఆమెకు చెప్పాల్సింది మీరే."

"చెప్తాలేమ్మా."

"ఎప్పుడు?"

ఆయన శెనక్కాయల సంచి ఎత్తి లోపల పెట్టాడు. ఆ పదిహేను రోజుల్లోనూ ఓబమ్మకు చెప్పలేదు. శెనక్కాయలు మాత్రం ఎవరినీ ముట్టనివ్వలేదు.

అమావాస్య రోజు పదకొండు గంటలకు గేటు తెరుచుకుంది. ఓబమ్మ నెత్తిన గంప, గంప కింద పసుపు రంగు హెల్మెట్టు. హెల్మెట్టు తీసేస్తానంటే సెక్యూరిటీవాడు ఒప్పుకోలేదు, గంప దించమంటే ఆమె ఒప్పుకోలేదు. వెనక ప్రతిభ నీళ్ల బిందెతో, ఆ వెనక నారప్ప. నడిచేది పలకల వరుసల మధ్య నున్నటి మట్టిబాట. ఓబమ్మ చుట్టూ చూస్తూ నడిచింది. "ఇది మా శెనక్కాయ చేను", "ఈడ మా బాయి ఉండె" అని సెక్యూరిటీవాడికి చూపించింది. అతనిది బళ్లారి వైపు, తెలుగు సగమే తెలుసు. అయినా ప్రతిదానికీ ఊఁ కొట్టాడు.

మూలకు వచ్చేసరికి ఆమె నిలబడిపోయింది. బీడు పడిన నేల, అడ్డదిడ్డంగా మొలిచిన ముళ్లకంపలూ చూడాల్సి వస్తుందనుకుని వచ్చిన మనిషి. అక్కడ నడుము ఎత్తు కంచె ఉంది, దానికి చిన్న తలుపు ఉంది. గడ్డి కోసి శుభ్రంగా ఉంది. నాలుగు బండలూ పరిచినవి పరిచినట్టే ఉన్నాయి. తలవైపు రాయి మీద పసుపు ఎప్పుడో పోయింది గానీ రాయి వాలిపోలేదు.

"సూడు, ఎంత బాగా పెట్టుకున్యారో!" అంది ఓబమ్మ. ఆమె కళ్ల నిండా నీళ్లు. "కంపెనీవోళ్లని ఎన్ని తిట్లు తిట్టినానో ఇన్నేండ్లు."

రాయి కడిగి పసుపు పూసింది. ఆకు పరిచింది. సంకటి ముద్ద, కోడికూర, శెనక్కాయల ఊరిబిండి పచ్చడి, పక్కన ఒక కట్ట బీడీలు, అగ్గిపెట్టె. అన్నీ సర్దాక మోకాళ్ల మీద కూర్చుని, చెంగు భుజం చుట్టూ కప్పుకుని పిలిచింది.

"వచ్చినా. అలిగినావేమో. అలగవాకప్పా. ఏడేండ్లు కంపెనీవోళ్లు రానీలేదు నన్ను. బయట గేటుకాడ పెట్టి పోతావుంటి, నీకు అందెనో లేదో. ఈ పొద్దు మన నారప్ప అయ్యోరు వాళ్లతో కొట్లాడి దారి ఇప్పించినాడు. ఆయన పుణ్యాన వచ్చినా. తిను."

నారప్ప చేతిలో హెల్మెట్టు ఉంది. దాన్ని కింద పెట్టాడు. మళ్లీ తీసుకున్నాడు.

"ఓబమ్మా" అన్నాడు. "కంపెనీవాళ్లు కాదు."

ఆమె తిరిగి చూసింది.

"మొదటినుంచీ నువ్వు రావొచ్చు. నీ కరారులోనే రాసుండాది. నువ్వు సర్వే మనిషితో చెప్పింటివి కదా, ఆయన రాయించినాడు. పదైదు దినాల ముందు ఒక కాగితం రాసిస్తే పిలిచేవాళ్లు. ఆ దినం డెయిరీ అరుగు మీద అది చదివింది నేనే. ఒక్క మాట కాడ ఆగి పాఠం చెప్పినా. మిగతాది చూడలేదు. నువ్వొచ్చి అడిగినప్పుడు కూడా కాగితం తీసి చూడలేదు. చూసినట్లు చెప్పినా."

అందులో నోటుబుక్కుకు ఎక్కే మాట ఒక్కటీ లేదు.  ఓబమ్మ ఆకు మీదికి వచ్చిన ఈగను చెంగుతో తోలింది.

"అంటే మొదటి ఏడాదే రావొచ్చునా?"

"రావొచ్చు."

"నేను గంప ఎత్తుకోని నీ ఇంటికి వస్తినే, ఆ పొద్దు?"

"ఆ పొద్దు రాసింటే ఆ ఒక్క ఏడాది మాత్రం తప్పిపోయేది. మరుసటేడు నుంచి ఖాయంగా రావొచ్చు."

"ఏడేండ్లు నా మొగుని కూడు కుక్కలు తినె అయ్యోరా."

ఆమె గొంతు పెంచలేదు. నారప్ప తల దించుకున్నాడు.  తిట్టినా బాగుండునని ఉంది ఆయనకు. క్షమించమని అడగాలని నోరు తెరిచాడు.

"నాతో ఎందుకు చెప్తావు?" అంది ఓబమ్మ. "నేను ఇప్పుడే ఆయనకు కంపెనీవోళ్లని చెప్తి. పెద్దల దినం, కూడు ముందర పెట్టుకోని అబద్ధం చెప్తి. నువ్వు చెప్పనిస్తివి. నాకు కాదు, ఆయనకు చెప్పు. నేను రాకపోయింది నా తప్పు కాదని చెప్పు."

ఆమె పక్కకు జరిగి చోటు ఇచ్చింది. నారప్ప ప్రతిభ వైపు చూశాడు. ఆమె బిందె వైపు చూస్తోంది. సెక్యూరిటీవాడు టోపీ తీసి పట్టుకుని, ఇదేదో పూజలో భాగమనుకుని మర్యాదగా నిలబడ్డాడు. నారప్ప ఆకు ముందుకు వచ్చి మోకాళ్లు వంచి కూర్చున్నాడు. ఆ బండల కింద ఉన్నవాడు తనతోపాటు నాలుగో తరగతి దాకా చదివినవాడు.

"బోరయ్యా" అన్నాడు, తనకే వినపడీ వినపడనట్టు. "నీ పెండ్లాం తప్పేం లేదు. తప్పు నాది. నేను..."

ఓబమ్మ ఆయన మోచేయి తట్టింది.

"గట్టిగా చెప్పు అయ్యోరా. బతికున్నప్పుడే ఆయనకు చెవుడు."

నారప్ప బండల దగ్గరికి ఇంకొంచెం జరిగి, గొంతు సవరించుకుని, మొదటి నుంచి మళ్లీ చెప్పాడు.